డిస్టెన్స్‌లో చేసిన నర్సింగ్ డిగ్రీ ప్రమోషన్‌కు చెల్లుతుందా?

వార్డు_సిస్టర్:
జీఎన్ఎం (నర్సింగ్ డిప్లొమా) చేసి ఏరియా ఆసుపత్రిలో స్టాఫ్ నర్సుగా పనిచేస్తున్నాను. ఇద్దరు చిన్నపిల్లలు, పైగా నైట్ డ్యూటీలు. రెండేళ్లు కాలేజీకి వెళ్లి చదివే వీలు లేదు. ఒక కన్సల్టెన్సీ వాళ్లు రోజూ ఫోన్ చేసి, పోస్ట్ బేసిక్ బీఎస్సీ నర్సింగ్ (జీఎన్ఎం వాళ్లు చేసే డిగ్రీ) ఇంట్లోంచే చేయొచ్చు, పరీక్షలకు వస్తే చాలు అంటున్నారు. ఈ నెలాఖరులోగా మొదటి విడత కట్టాలట. నర్సింగ్ విద్యార్థులకు పాఠాలు చెప్పే ట్యూటర్ పోస్టు మీద ఆశతో అడుగుతున్నాను. తెలిసినవాళ్లు చెప్పండి.

ఓటీ_ఇన్‌చార్జ్:
డబ్బు కట్టొద్దు సిస్టర్. దూరవిద్యలో గానీ ఆన్‌లైన్‌లో గానీ నడపకూడని కోర్సులేవో యూనివర్సిటీలను చూసే యూజీసీ 2020 నిబంధనల్లోనే చెప్పారు. మెడిసిన్, డెంటల్, ఫార్మసీ, ఫిజియోథెరపీతో పాటు నర్సింగ్ కూడా ఆ జాబితాలో ఉంది. ఇప్పుడు కొత్తగా చేరితే చేతికొచ్చేది కాగితమే.

ఇగ్నో_పాత_బ్యాచ్:
పై మాట కొత్తగా చేరేవాళ్లకు. పాతవాళ్లు చదివి కంగారు పడకండి. ఇగ్నో ఓపెన్ యూనివర్సిటీ పోస్ట్ బేసిక్ బీఎస్సీ 1994లో మొదలైంది, ఉద్యోగంలో ఉన్న నర్సుల కోసమే పెట్టారు. ఇండియన్ నర్సింగ్ కౌన్సిల్ గుర్తింపుతోనే నడిచింది. కాలేజీలో రెండేళ్ల కోర్సు, మాకు మూడేళ్లు పట్టేది.

డిస్టెన్స్ అన్న మాటే గానీ ఇంట్లో కూర్చుని చదివింది కాదు. నైట్ డ్యూటీ దిగి బస్సెక్కి సెంటర్‌కి వెళ్లేదాన్ని. కాన్పుల కేసులు, కేర్ ప్లాన్లు, ఊళ్లో కోర్సు కోసం మేం దత్తత తీసుకున్న కుటుంబాల వివరాలు అన్నీ లాగ్‌బుక్‌లో రాయాలి. ప్రతి పేజీకీ సూపర్‌వైజర్ సంతకం కావాలి. ఒక పేజీలో సంతకం లేదని మా మేడమ్ పుస్తకం మొత్తం వెనక్కి ఇచ్చేశారు. డిగ్రీ వచ్చాక రాష్ట్ర నర్సింగ్ కౌన్సిల్‌లో అడిషనల్ క్వాలిఫికేషన్ నమోదు చేయించుకుని, ఆ కాపీతో ఎస్ఆర్‌లో (సర్వీస్ రిజిస్టర్‌లో) ఎంట్రీ వేయించాను. ట్యూటర్ లిస్టులో నా పేరు రావడానికి పనికొచ్చింది ఆ ఎంట్రీయే.

నైట్_డ్యూటీ:
మా చెల్లెలికి జరిగింది చెబుతాను, ఇంకెవరికీ జరగకూడదు. వేరే రాష్ట్రం యూనివర్సిటీ. ఇక్కడ సెంటర్ అంటే ఒక అద్దె గది, రెండు కుర్చీలు. ‘యూజీసీ గుర్తింపు ఉంది’ అని బోర్డు కట్టారు. యూనివర్సిటీకి గుర్తింపు ఉంటే అందులో నడిపే ప్రతి కోర్సుకూ ఉన్నట్టు కాదని మాకు ఎవరూ చెప్పలేదు. డిగ్రీ పట్టుకుని కౌన్సిల్‌కి వెళితే నమోదు కుదరదన్నారు. బంగారం కుదువపెట్టి ఫీజు కట్టింది పిల్ల. ఆ గది ఇప్పుడు బట్టల కొట్టు. ఎవరిని అడగాలి?

ఎస్టాబ్లిష్‌మెంట్_సీటు:
నేను ప్రమోషన్ ఫైళ్లు చూసే సెక్షన్‌లో పనిచేస్తున్నాను. దూరవిద్య డిగ్రీలు కేంద్ర ఉద్యోగాలకు చెల్లుతాయని 2015లో కేంద్రం నోటిఫికేషన్ ఇచ్చిన మాట నిజమే. కన్సల్టెన్సీ వాళ్లు చూపించేది దాన్నే. కానీ ఆ కోర్సుకు కావాల్సిన అనుమతి ఉంటేనే అది వర్తిస్తుంది. మేం చూసేది సర్వీస్ రూల్స్‌లో ఆ పోస్టుకు ఏం చదువు రాశారు, కౌన్సిల్ నమోదు ఉందా, చేరేముందు శాఖ అనుమతి తీసుకున్నారా అని. చదువు అయిపోయాక అనుమతి అడిగితే ఫైలు అక్కడే ఆగుతుంది.

ఇంకో మాట కూడా చెప్పాలి. ‘రెగ్యులర్ కాలేజీయే, రానక్కర్లేదు, హాజరు మేం వేస్తాం’ అనేవాళ్లు ఇంకా ప్రమాదం. కాలేజీ రిజిస్టర్‌లోనూ వార్డు డ్యూటీ రిజిస్టర్‌లోనూ ఒకే తేదీన మీరు హాజరు ఉంటారు. ఎవరైనా ఒక్క ఫిర్యాదు చేస్తే చాలు. ఉన్న ఉద్యోగానికే ఎసరు వస్తుంది.

రియాద్_ఐసీయూ:
సౌదీలో జీఎన్ఎం వాళ్లకు టెక్నీషియన్ గ్రేడు, బీఎస్సీ వాళ్లకు స్పెషలిస్ట్ గ్రేడు. అందుకే ఇక్కడి మన తెలుగు పిల్లలు కూడా ఇలాంటి డిగ్రీల వెంట పడుతున్నారు. సర్టిఫికెట్లు అసలైనవో కాదో చూసే డేటాఫ్లో అనే సంస్థ ద్వారా నేరుగా చదివిన సంస్థకే వెళతాయి. నా స్నేహితురాలిని ఏ పద్ధతిలో చదివావు, ఆసుపత్రిలో శిక్షణ (క్లినికల్) గంటలు ఎన్ని అని యూనివర్సిటీ నుంచి లెటర్ తెమ్మన్నారు. ఆ లెటర్ రాలేదు, గ్రేడు మారలేదు.

వార్డు_సిస్టర్:
అందరికీ థ్యాంక్స్. రాత్రంతా టెన్షన్ పడ్డాను. మరి హాస్పిటల్ మేనేజ్‌మెంట్ ఎంబీఏ డిస్టెన్స్‌లో చేస్తే?

ఎస్టాబ్లిష్‌మెంట్_సీటు:
కార్పొరేట్ ఆసుపత్రిలో సూపర్‌వైజర్ స్థాయికి అది పనికొస్తుందమ్మా. ట్యూటర్ పోస్టుకు మాత్రం నర్సింగ్ డిగ్రీయే కావాలి. న్యూట్రిషన్ లాంటివి కూడా చూద్దామనుకోకండి, 2025 జులై-ఆగస్టు బ్యాచ్ నుంచి యూజీసీ వాటినీ దూరవిద్యలో ఆపేసింది.

ఇగ్నో_పాత_బ్యాచ్:
సిస్టర్, మీ సర్వీసు ఎంతైందో చూసుకుని స్టడీ లీవుకు పెట్టండి. చిన్నదాన్ని కొన్నాళ్లు మీ అమ్మగారి దగ్గర ఉంచగలిగితే రెండేళ్ల రెగ్యులర్ కోర్సు గట్టి దారి. పెద్దాసుపత్రి పక్కన కాలేజీ అయితే వార్డు శిక్షణ పోస్టింగులకు తిరిగే బాధ కూడా తగ్గుతుంది.

వార్డు_సిస్టర్:
కన్సల్టెన్సీకి వద్దని చెప్పేశాను అక్కా. సోమవారం మా సూపరింటెండెంట్ మేడమ్‌ని కలుస్తాను. స్టడీ లీవు దరఖాస్తు నమూనా ఎవరి దగ్గరైనా ఉంటే ఇక్కడ పెట్టండి.