టీ ఆకు మరగాలా, నానాలా, సారం దిగాలా? ఐస్ టీ తయారీకి క్రియల ఎంపిక

వంటనుడి:
జార్జియా, అలబామా, కరోలినాల వంటి అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో ఇళ్లలో గాలన్ల లెక్కన చేసుకునే స్వీట్ టీ, అంటే పాలు పోయకుండా పంచదార కలిపి చల్లగా తాగే ఐస్ టీ, తయారీని తెలుగులో రాస్తున్నాం. చిత్తుప్రతిలో అసలు భాగం ఇది:

“నీళ్లలో టీ బ్యాగులు వేసి 5 నిమిషాలు కాచాలి. బ్యాగులు పిండి తీసేయాలి. పంచదార పాకం పట్టి కలపాలి. వెంటనే ఫ్రిజ్‌లో పెట్టాలి. టీ కలకబారితే పారబోసి మళ్లీ చేయాలి.”

ఇందులో రాసినట్టే చేస్తే టీ చేదెక్కుతోంది. కొలతలు సరిగ్గానే ఉన్నాయి కాబట్టి తేడా మాటల్లోనే ఉండాలి. ‘కాచాలి’కి బదులు ఏం రాయాలి? మిగతా మాటలు కూడా చూసి చెప్పండి.

తేట:
మొదటి వాక్యంతోనే టీ చెడిపోతుందండీ. కాగడం పాల పని, కాచడం మన పని. పాలు కాస్తాం, నెయ్యి కాస్తాం, నూనె కాస్తాం. కింద మంట ఉన్నంతసేపే ఆ క్రియకు అర్థం. “5 నిమిషాలు కాచాలి” అని చదివినవారు ఆ 5 నిమిషాలూ స్టవ్ కట్టరు. మనకు అలవాటైన పాల టీకి అది చెల్లుతుంది. పాలలోని ప్రోటీన్లు టీలోని వగరు పదార్థాలను చాలావరకు పట్టేసుకుంటాయి. పాలు పోయని టీలో వాటిని ఆపేదేమీ లేదు, నాలుకకు నేరుగా తగులుతాయి.

అందుకే మీరు ‘చేదు’ అన్నది కూడా చాలావరకు చేదు కాదు, వగరు. వక్క నమిలినప్పుడు, పచ్చి జామకాయ కొరికినప్పుడు నాలుక పీక్కుపోయినట్టు ఉంటుందే, అది. టీలో అసలైన చేదు ఎక్కువగా కెఫీన్‌ది. వగరు పాలీఫినాల్స్‌ది, అంటే వాడుకలో టానిన్లు అంటున్నవాటిది. పాఠంలో ‘చేదు’ అని రాస్తే చదివినవారు పంచదార పెంచుతారు. పంచదార చేదును కొంత కప్పుతుంది కానీ నాలుక పీకడం అలాగే ఉంటుంది. ‘వగరు’ అని రాస్తే ఆకు ఎక్కువసేపు ఉందని వాళ్లకే తెలుస్తుంది.

గోలకొండ చాయ్:
నీళ్ల సంగతి కూడా తేల్చుకోవాలె. మా దిక్కు నీళ్లు కాగుడు వేరు, మసులుడు వేరు. కాగినయి అంటే తానానికి పోసుకునేటంత వేడెక్కినయన్నట్టు. మసిలినయి అంటే అడుగు నుంచి బుడగలు లేచి సలసలమంటున్నయన్నట్టు. ఈ టీకి మసిలే నీళ్లు కావాలె. ఉత్తగ కాగిన నీళ్లు పోస్తే రంగొస్తది గాని రుచి రాదు. కోస్తా దిక్కు ‘తెర్లుతున్నయి’ అంటరు, అది కూడ మంచి మాటే. రెండిట్ల ఏదన్న రాయుండ్రి, ‘వేడి నీళ్లు’ అని మాత్రం రాయకుండ్రి.

వంటనుడి:
బావుంది. అయితే నీళ్లు తెర్లాక స్టవ్ కట్టి, టీ బ్యాగులు వేసి మూత పెట్టి ఉంచుతాం. ఆ ‘ఉంచడానికి’ పేరేమిటి? ‘నానబెట్టాలి’ అంటే సరిపోతుందా?

తేట:
సరిపోదనే నా అభిప్రాయం. బియ్యం నానబెడతాం, మినప్పప్పు నానబెడతాం. అక్కడ మన చూపంతా గింజ మీదే, నీళ్లను పారబోస్తాం. టీలో పారేసేది ఆకును, దాచుకునేది నీళ్లను. పైగా ‘నానబెట్టు’ అనగానే చల్లనీళ్లు, గంటలకొద్దీ సమయం గుర్తొస్తాయి. ‘ఊరబెట్టు’తో ఇంకో చిక్కు. ఆవకాయలో ముక్కే ఉప్పూ కారం నూనె పీల్చుకుంటుంది. అది కూడా టీకి ఎదురు దిశే.

మన ఇళ్లలో దీనికి సరిపడే మాట ఉంది: దిగడం. “సారం దిగింది”, “డికాషన్ దిగింది” అంటాం. ఆకులోనిది నీళ్లలోకి చేరిందన్న అర్థం అందులోనే ఉంది. “మూత పెట్టి 5 నిమిషాలు సారం దిగనివ్వాలి” అంటే మంట మాటే రాదు.

ఓషధి:
తేట గారి మాటకు వైద్యశాస్త్రంలో పాత ఆధారం ఉంది. ఆయుర్వేదం ఈ పనులను ఎప్పుడో వేరు చేసి పేర్లు పెట్టింది. కషాయ కల్పనలు, అంటే దినుసు నుంచి మందు తీసే పద్ధతులు, అయిదు: స్వరసం, కల్కం, క్వాథం, హిమం, ఫాంటం. మనకు కావలసినవి చివరి మూడు.

క్వాథం అంటే మందు దినుసుకు 16 రెట్లు నీళ్లు పోసి, నాలుగో వంతో ఎనిమిదో వంతో మిగిలేదాకా మరిగించేది. మనం కషాయం అనేది దీన్నే. హిమం అంటే దినుసుకు 6 రెట్లు చన్నీళ్లు పోసి రాత్రంతా ఉంచి పొద్దున వడగట్టేది. ఫాంటం అంటే 4 రెట్లు మరిగిన నీళ్లు పోసి, కాసేపు ఉంచి, వడగట్టేది. ఇందులో దినుసు మంట మీదికి ఎక్కదు. పాళ్లు మందులకు చెప్పినవి కాబట్టి టీకి పనికిరావు, విభజన మాత్రం అక్షరాలా సరిపోతుంది. స్వీట్ టీ ఫాంటం. రాత్రి చన్నీళ్లలో ఆకు వేసి ఫ్రిజ్‌లో పెట్టే పద్ధతి హిమం. మనం పొయ్యి మీద మరిగించేది క్వాథం.

వంటపాఠంలో ‘ఫాంటం’ అని రాయమనడం లేదు, ఎవరికీ అర్థం కాదు. మూడూ మూడు వేరు పనులు కాబట్టి క్రియలూ మూడు కావాలి: మరిగించు, నానబెట్టు, సారం దిగనివ్వు. ఫ్రిజ్ పద్ధతికి ‘నానబెట్టు’ చక్కగా కుదురుతుంది, అక్కడ చన్నీళ్లూ నిజమే, 8 నుంచి 12 గంటలూ నిజమే.

ఇంకో సంగతి. ‘డికాషన్’ అన్న మాటకు ఇంగ్లీషులో అర్థం క్వాథమే, మరిగించి తీసినది. మనం ఫిల్టర్‌లో పొడి మీద వేడినీళ్లు పోసి చుక్క చుక్కగా దింపేదాన్ని డికాషన్ అంటున్నాం. పేరు మరిగించిన దానిది, పని దింపేది. అందువల్ల పాఠంలో “టీ డికాషన్ తీసి” అని ఒక్క ముక్కలో వదిలేస్తే, ఫిల్టర్ కాఫీ అలవాటున్నవారు దింపుతారు, మిగతావారు మరిగిస్తారు.

సవన్నా తెలుగు:
ఇక్కడ జార్జియాలోని సవన్నా ఇళ్లలో చేసే తీరు చెబుతాను. అమెరికా గాలన్ అంటే సుమారు 3.8 లీటర్లు. ‘ఫ్యామిలీ సైజ్’ టీ బ్యాగు ఒక్కోటి గాలన్‌లో నాలుగో వంతుకు ఉద్దేశించింది, అందులో దాదాపు 7 గ్రాముల ఆకు ఉంటుంది. ఇండియాలో దొరికే మామూలు కప్పు బ్యాగులో 2 గ్రాములే. మీ పాఠంలో “4 టీ బ్యాగులు” అని మాత్రమే ఉంటే ఇండియాలో చేసినవారికి రంగునీళ్లు మిగులుతాయి. గ్రాముల్లో రాయండి.

‘పిండి తీసేయాలి’ కొట్టేయండి. చింతపండుకు పిసకడం, పిండడం అవసరం, టీ బ్యాగుకు హాని. పిండితే ఆకులో మిగిలిన చిక్కటి వగరు రసం, సన్న నలుసులు టీలోకి వచ్చేస్తాయి. “పైకెత్తి, కారినంత కారనిచ్చి తీసేయాలి” అని రాయండి.

ఈ జాగ్రత్త పాతదే. 1879లో అచ్చయిన వర్జీనియా వంటల పుస్తకంలోని ఐస్ టీలో వాడింది గ్రీన్ టీ. సుమారు లీటరు మరిగిన నీళ్లకు 2 టీస్పూన్ల ఆకు, అంతే. పొద్దున ఫలహారం వేళ వేసి, మధ్యాహ్నం దాకా ఉంచి, కదపకుండా వడగట్టి, అడుగున దిగిన మడ్డిని వదిలేసి పోయమంటుంది. ఆకు అంత తక్కువ కాబట్టే అంతసేపు ఉంచినా చెల్లింది. ఆకు ఎక్కువ వేసి గంటలు ఉంచితే తాగలేం.

గోలకొండ చాయ్:
మన దగ్గర డబ్బాల దొరికే డస్ట్ టీతోని చేసేటోళ్లకు గూడ ఒక మాట రాయుండ్రి. పొడి ఎంత సన్నగుంటే సారం అంత జల్ది దిగుతది. ఆకు టీకి 5 నిమిషాలైతే డస్ట్‌కు 2, 3 నిమిషాలు చాలు. అటెన్క అంతా వగరే. నీలగిరి ఆకు టీ దొరికితే ఇంకా మంచిది, చల్లగైనంక గూడ తేటగుంటదని దానికి పేరున్నది.

వంటనుడి:
‘పాకం’ సంగతి ఎవరూ చెప్పలేదు. పంచదారను విడిగా కరిగించి కలపడాన్ని పాకం అనొచ్చా?

తేట:
అనకూడదు. ‘పాకం పట్టడం’ అంటే తెలుగింట్లో వేళ్ల మధ్య పరీక్ష. తీగ సాగిందా, నీళ్లలో వేస్తే ఉండ కట్టిందా అని చూస్తాం. అరిసెలకు ఉండపాకం, బూందీ లడ్డూకు తీగపాకం. ఆ స్థాయికి వచ్చిన పాకాన్ని చల్లటి టీలో పోస్తే అడుగున గడ్డలా కూర్చుంటుంది. ఇక్కడ కావలసింది ‘పంచదార నీళ్లు’. సమపాళ్లలో పంచదార, నీళ్లు కలిపి, పంచదార కనబడకుండా పోగానే దించేయడమే. ‘లేతపాకం’ అన్నా కొందరు తీగదాకా తీసుకెళ్తారు, అదీ వద్దు.

మామూలు స్వీట్ టీకి ఈ పని కూడా అక్కర్లేదు. బ్యాగులు తీసిన వేడి టీలోనే పంచదార వేసి తిప్పితే కరుగుతుంది. చన్నీళ్లలో నానబెట్టిన టీకే పంచదార నీళ్లు కావాలి. చన్నీళ్లలో పంచదార కరగదని చాలామంది అంటారు, కరుగుతుంది. 20 డిగ్రీల దగ్గర కూడా 100 గ్రాముల నీళ్లలో 200 గ్రాముల దాకా పడుతుంది. కాకపోతే చాలా నిదానంగా కరుగుతుంది, ఈలోగా అడుగుకు చేరుతుంది. మొదటి గ్లాసు చప్పగా, చివరిది జిగటగా వచ్చేది అందుకే.

సవన్నా తెలుగు:
తీపి కొలత కూడా రాయండి. ఇక్కడ గాలన్‌కు 1 నుంచి 2 కప్పులు వేస్తారు, కప్పు 200 గ్రాములు. 2 కప్పులంటే కోలా డ్రింకులో ఉండే తీపికి దగ్గర. లీటరుకు 50 నుంచి 75 గ్రాములు మన నాలుకకు సరిపోతుంది, కాకపోతే ఐస్ కరిగితే తీపి ఇంకా తగ్గుతుంది.

ఓషధి:
ఇక ‘కలకబారడం’. చెరువులో కాళ్లు పెడితే నీళ్లు కలకబారతాయి, అడుగున ఉన్న మట్టి లేస్తుంది. కాసేపు ఆగితే మళ్లీ తేరుకుంటాయి. ఫ్రిజ్‌లో టీ అలా కాదు. చల్లబడేకొద్దీ కెఫీన్, పాలీఫినాల్స్ ఒకదానికొకటి అతుక్కుని సన్న కణాలుగా విడిపోతాయి. గ్లాసులోంచి చూస్తే వెలుతురు మసకగా కనిపిస్తుంది. ‘మసకబారింది’ అనండి. టీ ఎంత చిక్కగా ఉంటే, ఎంత వేగంగా చల్లారిస్తే, నీళ్లలో ఎంత కాల్షియం ఉంటే అంత మసక. బోరు నీళ్లతో చేస్తే తేటగా రావడం కష్టం.

దీన్ని పారబోయమనడం తప్పు. రుచికి, ఆరోగ్యానికి లోటేమీ లేదు. కాసిని తెర్లే నీళ్లు పోసి తిప్పితే చాలావరకు తేటపడుతుంది. తీగలు సాగినా, జిగురుగా మారినా, వాసన వచ్చినా అప్పుడు పారబోయాలి, అది సూక్ష్మజీవుల పని. ఎండలో సీసా పెట్టి టీ దింపే పద్ధతిని పాఠంలో చేర్చకండి. ఎండకు నీళ్లు గోరువెచ్చన దాటి కాస్త వేడెక్కుతాయి, అంతే. ఆకు మీద ఉన్న సూక్ష్మజీవులు చావవు.

వంటనుడి:
అందరి మాటలూ కలిపి 2 లీటర్లకు ఇలా మార్చాను:

“అర లీటరు నీళ్లు తెర్లనిచ్చి స్టవ్ కట్టేయాలి. 15 గ్రాముల ఆకు టీ, లేదా 2 గ్రాముల బ్యాగులు 7, 8 వేసి మూత పెట్టి 5 నిమిషాలు సారం దిగనివ్వాలి. డస్ట్ టీ అయితే 2, 3 నిమిషాలు చాలు. ఆకైతే వడగట్టాలి. బ్యాగులైతే పిండకుండా పైకెత్తి కారనిచ్చి తీసేయాలి. వేడి మీదే 100 నుంచి 150 గ్రాముల పంచదార వేసి కరిగేదాకా తిప్పాలి. లీటరున్నర మామూలు నీళ్లు పోయాలి. బయటే చల్లారనిచ్చి, ఆ తర్వాతే ఫ్రిజ్‌లో పెట్టాలి. మసకబారితే కాసిని తెర్లే నీళ్లు కలపాలి. రెండు రోజుల్లో తాగేయాలి.”

ఒక్క సందేహం మిగిలింది. అమెరికా పద్ధతిలో వంటసోడా ‘చిటికెడు’ అంటారు. అలాగే రాయనా?

సవన్నా తెలుగు:
వద్దండీ. మన వంటల్లో చిటికెడు పసుపు, చిటికెడు ఇంగువ ఎవరి వేళ్లను బట్టి వాళ్లవి, తేడా వచ్చినా కూర పాడవదు. సోడా అలా కాదు. టీ పులుపును తగ్గించి వగరును మెత్తబరుస్తుంది, రంగును ముదురు చేస్తుంది. కాస్త ఎక్కువైతే సబ్బు రుచి వస్తుంది, ఇక దానికి మందు లేదు. 2 లీటర్లకు పావు టీస్పూన్‌లో సగం మించొద్దని రాయండి, ఆకుతో పాటే వేడినీళ్లలో వేయమనండి. నిమ్మరసం మాత్రం ఎవరి గ్లాసులో వాళ్లు పిండుకోవాలి. జగ్గులో ముందే పిండితే సోడా చేసిన పని విరిగిపోతుంది, రంగూ పాలిపోతుంది.