కాలంలో తేడాలు కనిపెట్టి సంపాదించే కంపెనీ: కథలో నమ్మేలా ఎలా రాయాలి?

ప్రశ్న:
అందరికీ నమస్కారం. ఒక పెద్ద కథ రాస్తున్నాను. ఊళ్లో అక్కడక్కడా కాలం కాసేపు నెమ్మదించి మళ్లీ మామూలైపోతుంటుంది. ఒక ప్రైవేటు కంపెనీ వాటిని కనిపెట్టి డబ్బు చేసుకుంటుంది. కథ కాకినాడలో పెట్టాను, మన దేశ సమయానికి ఆధారమైన 82.5 డిగ్రీల రేఖాంశం ఆ దగ్గర్లోనే వెళ్తుంది కాబట్టి. రెండు చోట్ల ఆగిపోయాను. తేడా వచ్చిందని కంపెనీకి ఎలా తెలుస్తుంది? దానికి డబ్బెవరిస్తారు? ప్రస్తుతానికి హీరోయిన్ తన వాచీ చూసుకుని "అరే, పది నిమిషాలు వెనకబడిందే" అంటుంది. తెలిసినవాళ్లు చెప్పండి.

జవాబు 1 (టెలికాం టైమింగ్ పనిలో ఉన్న సభ్యుడు):
ఆ వాచీ సీను మార్చాల్సిందేనండీ. కాలమే నెమ్మదిస్తే ఆమె వాచీ, గుండె, పొయ్యి మీద పాలు అన్నీ ఒకే లెక్కన నెమ్మదిస్తాయి. అక్కడే ఉన్న మనిషికి ఏమీ తెలీదు. బయటికొచ్చి బస్టాండు గడియారం చూస్తేనే తేడా తెలుస్తుంది. ఫోను కూడా సాక్ష్యం కాదు, సిగ్నల్ తగలగానే నెట్‌వర్క్ టైం తీసుకుని సర్దేసుకుంటుంది. ఆమెకు తాళం తిప్పే పాత వాచీ ఇవ్వండి.

పది నిమిషాలు కూడా ఎక్కువే. కాలం నడక చోటును బట్టి మారడం నిజంగానే ఉంది, కాకపోతే చాలా చిన్నది. టోక్యో స్కైట్రీలో 450 మీటర్ల ఎత్తున ఒక ఆప్టికల్ గడియారం (అతి కచ్చితమైన అణు గడియారం), కింద ఒకటి పెట్టి పోల్చి 2020లో ఫలితాలు ప్రచురించారు. పైది రోజుకు సుమారు 4 నానోసెకన్లు (నానోసెకను అంటే సెకనులో వంద కోట్లో వంతు) ముందు నడిచింది. జీపీఎస్ ఉపగ్రహాల్లోనైతే రోజుకు దాదాపు 38 మైక్రోసెకన్లు (సెకనులో పది లక్షల వంతులు) ముందుకు పోతుంది. దాన్ని సరిచేయకపోతే మ్యాపులు ఎందుకూ పనికిరావు.

ఇక పట్టుకోవడం. ఒకే గడియారం ఉంటే ఏమీ తేలదు. రెండుంటే తేడా కనిపిస్తుంది, తప్పెవరిదో తెలీదు. అందుకని మీ కంపెనీ ప్రతి స్టేషన్‌లోనూ వేరువేరు రకాలు పెట్టాలి: సీజియం, రుబీడియం అణు గడియారాలు, మామూలు క్వార్ట్జ్ గడియారం. ఒక్కోటి ఒక్కో తీరులో దారి తప్పుతుంది. క్వార్ట్జ్‌కు ఉష్ణోగ్రత పడదు, రుబీడియం ఏళ్ల తరబడి మెల్లగా జారుతుంది. బయటి స్టేషన్లతో పోలిస్తే మూడూ ఒకే క్షణాన ఒకే నిష్పత్తిలో వెనకబడితే గడియారాల తప్పు కాదన్నమాట.

అప్పుడు కూడా తొందరపడకూడదు, పోల్చే దారే చెడి ఉండొచ్చు. 2016 జనవరి 26న జరిగింది అదే. ఒక పాత జీపీఎస్ ఉపగ్రహాన్ని సేవలోంచి తీసేసే పనిలో, మరికొన్ని ఉపగ్రహాలు జీపీఎస్ సమయానికీ ప్రపంచ ప్రామాణిక సమయానికీ ఉండే తేడాను 13 మైక్రోసెకన్లు తప్పుగా ప్రసారం చేశాయి. లొకేషన్లు బాగానే ఉన్నాయి, టైం ఒక్కటే తప్పింది. టెలికాం పరికరాల్లో గంటల తరబడి అలారాలు మోగాయి. కాబట్టి ఉపగ్రహం దారిన ఒకసారి, ఫైబర్ కేబుల్ దారిన ఒకసారి పోల్చి, రెండూ ఒకే మాట చెబితేనే మీ కంపెనీ అలారం మోగించాలి. సస్పెన్స్ అంతా ఇక్కడే పెట్టుకోవచ్చు.

జవాబు 2:
డబ్బు సంగతి నేను చెప్తాను. టైం అమ్ముకుని బతికినవాళ్లు నిజంగా ఉన్నారు. లండన్‌లో రూత్ బెల్‌విల్ అనే ఆవిడ గ్రీనిచ్ అబ్జర్వేటరీలో తన క్రోనోమీటర్ (చాలా కచ్చితంగా నడిచే గడియారం) సరిచూసుకుని, ఊళ్లో చందాదారుల దగ్గరికి తీసుకెళ్లి చూపించేది. తండ్రి 1836లో మొదలుపెట్టిన వ్యాపారాన్ని తల్లి తర్వాత అందుకుని 1940 దాకా నడిపింది. ఇప్పుడు బ్రిటన్ జాతీయ భౌతిక ప్రయోగశాల అదే పనిని ఫైబర్ మీద చేస్తోంది, ధ్రువీకరించిన సమయాన్ని ఆర్థిక సంస్థలకు అందిస్తోంది.

వాళ్లు కొనుక్కునేది రుజువు. ఐరోపాలో 2018 నుంచి హైఫ్రీక్వెన్సీ ట్రేడింగ్ (కంప్యూటర్లతో రెప్పపాటులో షేర్లు కొని అమ్మడం) చేసేవాళ్ల గడియారాలు ప్రామాణిక సమయానికి 100 మైక్రోసెకన్లకు మించి తేడా ఉండకూడదు. ఎవరి ఆర్డరు ముందొచ్చిందన్న తగాదాలో "ఆ క్షణాన మీ సర్వర్ ఉన్న చోట కాలమే నెమ్మదించింది" అని సర్టిఫికెట్ ఇవ్వగలిగినవాడికి ఎంతైనా ఇస్తారు. రెండు పక్షాలూ ఆ సర్టిఫికెట్ కోసం అదే కంపెనీ దగ్గరికి రావడం మీ కథకు మంచి ముడి అవుతుంది.

అడిగినవారు:
చాలా థాంక్స్ అండీ, ఇంత దొరుకుతుందనుకోలేదు. మరి కాకినాడ ఉంచనా, తీసేయనా?

జవాబు 3 (విద్యుత్ శాఖలో చేసి రిటైరైన సభ్యుడు):
ఉంచండమ్మా. కాకపోతే కారణం రేఖాంశం కాకూడదు. ఆ గీత లెక్క కోసమే, అక్కడ గడియారమేమీ లేదు. మన సమయాన్ని నిలబెట్టే అణు గడియారాలు ఢిల్లీ జాతీయ భౌతిక ప్రయోగశాలలో ఉన్నాయి.

కరెంటును కారణం చేసుకోండి. 2013 డిసెంబర్ 31న రాయచూర్-షోలాపూర్ లైను కలిశాక దేశమంతా ఒకే గ్రిడ్, ఎక్కడ కొలిచినా 50 హెర్ట్జ్‌కు అటూఇటూగా ఒకే ఫ్రీక్వెన్సీ. ఇప్పుడు కాకినాడ దగ్గర ఒక గ్యాస్ విద్యుత్ కేంద్రం ఉన్న చోట కాలం వెయ్యోవంతు నెమ్మదించిందనుకోండి. లోపలి టర్బైన్ గవర్నర్‌కు (టర్బైన్ వేగాన్ని అదుపు చేసే పరికరం) బయటి గ్రిడ్ 50.05 దగ్గర పరిగెడుతున్నట్టు కనిపిస్తుంది. అది తన ధర్మం ప్రకారం ఇంధనం తగ్గిస్తుంది. గ్రిడ్‌ను నడిపించే లోడ్ డిస్పాచ్ సెంటర్‌లో కూర్చున్న ఇంజనీరుకు మాత్రం ఏ కారణం లేకుండా ఉత్పత్తి పడిపోయినట్టు ఉంటుంది. ఫోన్ చేసి అడిగితే కేంద్రంవాళ్లు "మా దగ్గర అంతా సరిగ్గానే ఉంది, మీ ఫ్రీక్వెన్సీయే ఎక్కువగా ఉంది" అంటారు. ఇద్దరూ నిజమే చెబుతుంటారు. మీ కంపెనీకి మొదటి ఖాతాదారు ఆ ఇంజనీరే.

తేదీ కూడా చెప్పమంటే 2017 జనవరి 1 పెట్టండి. ఆ ఉదయం 5:29:59 తర్వాత మన దేశంలో 5:29:60 అని ఒక లీప్ సెకను (గడియారాలను భూమి తిరుగుడుతో సరిపెట్టడానికి కలిపే సెకను) అదనంగా వచ్చింది, ఆ తర్వాత మళ్లీ లీప్ సెకను కలపలేదు. కంపెనీలో ఎవరైనా ఒక అలారాన్ని తొక్కిపెట్టాలనుకుంటే అంతకన్నా మంచి సమయం దొరకదు, ఆ పూట లాగ్‌లో కనిపించే ప్రతి తేడానూ లీప్ సెకను ఖాతాలో వేసేయొచ్చు.