ఆరన్ గార్సియా: 1,300 టచ్‌డౌన్లు వేస్తే గొప్ప క్వార్టర్‌బ్యాక్ అయిపోతాడా?

కృష్ణాతీరం:
అరీనా ఫుట్‌బాల్ నుంచి పెద్ద లీగ్‌కి వెళ్లిన కర్ట్ వార్నర్ థ్రెడ్‌లో శీను గారు ఒక మాట అన్నారు. ఆరన్ గార్సియా అంత గొప్ప క్వార్టర్‌బ్యాక్‌ని (జట్టులో పాసులు వేసేవాడిని) అమెరికా పట్టించుకోలేదట. అక్కడ పొడిగిస్తే అసలు విషయం పక్కకు పోతుందని ఇక్కడ వేరేగా పెడుతున్నాను.

తెలియనివాళ్ల కోసం: అరీనా ఫుట్‌బాల్ అంటే ఐస్ హాకీ ఆడే హాల్లో, పైకప్పు కింద, ఇటు ఎనిమిది మంది అటు ఎనిమిది మందితో ఆడే అమెరికన్ ఫుట్‌బాల్. గార్సియా 1990ల మధ్య నుంచి 2010ల దాకా అదే ఆడాడు. కనెక్టికట్, న్యూజెర్సీ, అయోవా, న్యూయార్క్, జాక్సన్‌విల్, శాన్ ఆంటోనియో, ఇంకా కొన్ని ఊళ్లు. 1,300కు పైగా టచ్‌డౌన్ పాసులు (స్కోరు తెచ్చిన పాసులు), 60 వేల గజాలకు పైగా దూరం. ఆ లీగ్‌లో రికార్డు.

నా అభిప్రాయం సూటిగా చెబుతాను. ఆ అంకెలకు విలువ లేదు. మైదానం 50 గజాలు. పంట్ (బంతిని దూరంగా తన్ని అవతలి జట్టుకి వదిలేయడం) కొట్టనివ్వరు కాబట్టి ప్రతి జట్టూ చివరిదాకా పాస్ వేయాల్సిందే. బంతి కదలకముందే ఒక రిసీవర్ (పాస్ పట్టేవాడు) ముందుకు పరుగెత్తుకుంటూ రావచ్చు. అలాంటి చోట ఎవరైనా వేస్తారు.

షార్లెట్ శీను:
ఎవరైనా వేస్తే రికార్డు అందరికీ ఉండాలి కదండీ. ఒక్కడికే ఎందుకుంది?

పొడవే చెప్పారు, వెడల్పు చెప్పలేదు. అరీనా మైదానం వెడల్పు 85 అడుగులు. అమెరికా పెద్ద లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌లో 160. అంటే డిఫెండర్లు చాలా ఇరుకులో నిలబడి ఉంటారు, రిసీవర్ తప్పించుకుపోవడానికి పక్కన చోటే ఉండదు, మైదానం అంచులో మెత్తలు కట్టిన గోడ. బంతి ఒక అడుగు ఇటూ అటూ అయితే అయిపోయినట్టే. గోల్‌పోస్ట్ పక్కన కట్టిన వలకు తగిలి తిరిగొచ్చిన బంతి కూడా ఆటలోనే ఉంటుంది, దాన్ని డిఫెండర్ పట్టుకుంటే ఇంటర్‌సెప్షన్.

మన్యం మబ్బు:
జాక్, మాక్ రూల్ కూడా చెప్పండి. డిఫెన్స్‌లో లైన్ వెనక నిలబడే ఇద్దరు లైన్‌బ్యాకర్ల పేర్లు అవి. వాళ్లలో మాక్ ఒక్కడే లైన్ దాటి దూసుకురావచ్చు, జాక్ రాకూడదు. అది క్వార్టర్‌బ్యాక్‌కు పెద్ద ఊరట.

కృష్ణాతీరం:
మబ్బు గారు నా పాయింటే చెప్పారు, థాంక్స్. రూల్స్ అన్నీ పాస్ వేసేవాడి వైపే ఉన్నాయి. ఇంకో మాట. నిజంగా సత్తా ఉన్నవాడు పైకి, అంటే ఎన్‌ఎఫ్‌ఎల్‌కి, వెళ్లాడు. వార్నర్‌ని 1994లో ఎన్‌ఎఫ్‌ఎల్ జట్టు గ్రీన్ బే వద్దంది. సీడార్ ఫాల్స్‌లో గంటకు 5.50 డాలర్లకు సూపర్ మార్కెట్ అరల్లో సరుకు సర్దాడు, తర్వాత అయోవా బార్న్‌స్టార్మర్స్‌కి అరీనా ఆడాడు, 1999 సీజన్‌లో సెయింట్ లూయిస్‌తో ఎన్‌ఎఫ్‌ఎల్ ఫైనల్ సూపర్ బౌల్ గెలిచాడు. టామీ మాడాక్స్ 2000లో న్యూజెర్సీ అరీనా జట్టులో ఆడి, రెండేళ్లలో పిట్స్‌బర్గ్ స్టీలర్స్‌కి క్వార్టర్‌బ్యాక్ అయ్యాడు. వార్నర్ తర్వాత అదే అయోవా జట్టుకి గార్సియా ఆడాడు. వాడు వెళ్లాడు, వీడు అక్కడే ఉండిపోయాడు. ఇంతకంటే తేడా ఏం కావాలి?

పద్మజ_డెమోయిన్:
వార్నర్ పేరు ఇలా వాడేవాళ్లు ఒక్క విషయం మాత్రం చెప్పరు. 1999 ఆగస్టులో ప్రాక్టీస్ మ్యాచ్‌లో సెయింట్ లూయిస్ మొదటి క్వార్టర్‌బ్యాక్ ట్రెంట్ గ్రీన్ మోకాలు పోయింది. అది పోకపోతే వార్నర్ బెంచి మీదే ఉండేవాడు. మీరు ఆ సీజన్ మాట ఎత్తి ఆ మోకాలు వదిలేశారు. ఒకరి మోకాలు విరిగితే తలుపు తెరుచుకుంది. ఆ తలుపు అందరికీ తెరుచుకోదు. తెరుచుకోనివాడికి సత్తా లేదని తీర్పు ఇవ్వడం అన్యాయం.

ఇక ‘అక్కడే ఉండిపోయాడు’ అన్నారు. 2001లో ఆ అయోవా జట్టునే న్యూయార్క్ డ్రాగన్స్‌గా మార్చి లాంగ్ ఐలండ్ తీసుకెళ్లారు. గార్సియా 2008 దాకా వాళ్లకే ఆడాడు. ఆ డిసెంబరులో లీగ్ 2009 సీజన్ రద్దు చేసింది, తర్వాత దివాలా తీసింది. 2010లో లీగ్ మళ్లీ మొదలైతే జాక్సన్‌విల్ వెళ్లాడు. 2011 ఫైనల్లో అరిజోనా మీద గడియారం అయిపోతుండగా జెరాన్ హార్వీకి పాస్ వేసి 73–70తో గెలిపించాడు. అప్పటికి నలభై ఏళ్లు. ఉండిపోవడం అంటే ఇదా?

అనిల్ వరంగల్:
73–70 ఫుట్‌బాల్ స్కోరా!! క్లిప్ ఎవరైనా పెట్టండి ప్లీజ్.

కృష్ణాతీరం:
పద్మజ గారూ, ఆ 2010 దగ్గరే ఆగుదాం. లీగ్ మళ్లీ మొదలైనప్పుడు ఆటగాడికి జీతం ఎంత? మ్యాచ్‌కు 400 డాలర్లు. సీజన్ మొత్తం లెక్కేసినా ఒక కుటుంబానికి ఇంటద్దె రాదు. నలభై ఏళ్లవాడు దాని కోసం ఊళ్లు తిరిగాడు. మీకు అది వీరత్వం. నాకు కాదు.

షార్లెట్ శీను:
మీరు టచ్‌డౌన్ల దగ్గర మొదలుపెట్టి జీతం దగ్గరికి వచ్చారు. వెడల్పు మీద నేను అడిగినదానికి జవాబు లేదు.

కృష్ణాతీరం:
వెడల్పు, వెడల్పు, వెడల్పు! సరే, 85 అడుగులు ఇరుకే. ఒప్పుకుంటే ఏమవుతుంది? ఆ ఇరుకులో పదిహేనేళ్లు పైబడి ఆడి ఏం మిగిలింది? మా తమ్ముడూ ఇలాగే చేశాడు. జిల్లా లీగ్ క్రికెట్. ఈ ఏడు రంజీ, వచ్చే ఏడు రంజీ అంటూ ముప్పై దాటాడు. క్లబ్బుకు సెంచరీలు కొట్టాడు, అంకెలు అడిగితే గార్సియాలాగే బోలెడు చూపిస్తాడు. బ్యాట్లకు, ప్రయాణాలకు, మోకాలి ఆపరేషన్‌కు డబ్బు పంపింది నేను. మా నాన్న పొలం కాగితాలు ఇప్పటికీ బ్యాంకులోనే ఉన్నాయి. ‘ఆటను ప్రేమించాడు’ అని అందరూ వాడిని మెచ్చుకుంటారు. ఆ ప్రేమకు ఖర్చు పెట్టినవాడి మాట ఎవరూ అనరు.

మన్యం మబ్బు:
అన్నా, సారీ.

పద్మజ_డెమోయిన్:
కృష్ణ గారూ, మీ బాధ కాదనను. కానీ మీరు గార్సియాని అంటున్నవన్నీ మీ తమ్ముడిని అనాల్సినవి. నా సంగతి దీనికి తలకిందులు. గుంటూరులో నేను కాలేజీ టీమ్‌కు వాలీబాల్ ఆడాను. సెట్టర్‌ని. పెళ్లి సంబంధం వచ్చింది, ‘ఇక చాలమ్మా’ అన్నారు. ఎంత దూరం వెళ్లగలనో చూసుకునే వీలే ఇవ్వలేదు. నా ఆట ఎప్పుడు ఆపాలో మా ఇంట్లో అందరూ కూర్చుని తేల్చారు, నన్ను తప్ప. అందుకే నలభై ఏళ్లకు కూడా ఇంకొక సీజన్ ఆడినవాడిని చూస్తే నాకు గౌరవం. తనకు తానుగా ఆగాడు. ఆ హక్కు మీకు చిన్నదిగా కనిపిస్తోంది.

కృష్ణాతీరం:
హక్కు ఉందమ్మా, ఎవరు కాదన్నారు? ఖర్చు భరించేవాడిని ఒక్కసారైనా అడగాలి కదా. మా తమ్ముడు ఏనాడూ ‘అన్నయ్యా, ఇంకో ఏడాది ఆడనా’ అని అడగలేదు. అడిగి ఉంటే నేనే ఆడమనేవాడిని. నా కోపం అదీ. అంతేగాని యాభై గజాలు కాదు.

అనిల్ వరంగల్:
ఈ ఆట ఇప్పుడు జరుగుతోందా? ఎక్కడ చూడొచ్చు?

షార్లెట్ శీను:
అనిల్, పాత అరీనా లీగ్ 2019లో మూతపడింది. 2024లో అదే పేరుతో కొత్తవాళ్లు మొదలుపెడితే కొన్ని వారాల్లోనే జట్లు ఒక్కొక్కటే చేతులెత్తేశాయి. చివరిదాకా మిగిలినవాళ్లలో బిల్లింగ్స్ జట్టు గెలిచింది. ఇండోర్ ఫుట్‌బాల్ లీగ్ వేరే ఉంది, అది నడుస్తోంది. అందులో వలలు ఉండవు.

కృష్ణ గారూ, ఆ 400 డాలర్ల మాట ఒకటి మిగిలిపోయింది. ఆటగాళ్లు దాన్ని నోరుమూసుకుని తీసుకోలేదు. 2012 సీజన్ మొదటి మ్యాచ్ రోజున ఓర్లాండోలో సమ్మెకు సిద్ధమయ్యారు. అక్కడికి ఆడటానికి వచ్చిన పిట్స్‌బర్గ్ అరీనా జట్టు యజమాని మ్యాచ్‌కు ముందు, భోజనానికి కూర్చున్న చోటే జట్టును తీసేశాడు. ఆ రేటు పెట్టింది లీగ్. దాని భారం మోసింది ఆటగాళ్లు, వాళ్ల ఇంట్లోవాళ్లు. మీరు పంపిన డబ్బు కూడా అలాంటిదే. మీ తమ్ముడితో కొట్టించుకున్న సెంచరీలకు ఆ క్లబ్బు ఎంత ఇచ్చింది?

కృష్ణాతీరం:
బస్సు చార్జీ ఇచ్చేవాళ్లు. అది కూడా అన్ని మ్యాచ్‌లకూ కాదు.

పద్మజ_డెమోయిన్:
మరి ఆ క్లబ్బు మీద ఒక్క మాట కూడా రాయలేదేం ఇంతసేపూ?

కృష్ణాతీరం:
రేపు రాస్తాను. వేరే థ్రెడ్ పెడతాను, శీను గారూ మీరూ రండి.