కరువు పని అనాలా, ఉపాధి హామీ అనాలా?

మా పెద్దమ్మది కనిగిరి దగ్గర పల్లె. ఈమధ్య వెళ్ళినప్పుడు "కరువు పనికి పోవడంలా పెద్దమ్మా?" అని అడిగా. "ఈ ఏడు వానలు పడ్డాయి గదా నాయనా, కరువు పని ఎందుకిస్తారు? నేను అడగనే లేదు" అంది. వానలకూ ఆ పనికీ సంబంధం లేదని చెప్పినా ఆమెకు నమ్మకం కుదరలేదు. పేరులోనే కరువు ఉంది మరి!

ఈ మాట చాలా పాతది. మన పెద్దలు కరువులకు సంవత్సరం పేరే పెట్టుకున్నారు. 1832-33లో వచ్చింది నందన కరువు, 1876-78లో వచ్చింది ధాత కరువు. ధాత కరువులో తిండి లేక వచ్చిన జనం చేత సర్కారు మట్టి పనులు చేయించింది. మన తీరం వెంట పోయే బకింగ్‌హాం కాలవ ఉందే, దానికి మద్రాసులో అడయారునూ కూవాన్నీ కలిపే ముక్క అట్లా తవ్వించిందే. 1877లో రిచర్డ్ టెంపుల్ అనే అధికారి మగ కూలీకి రోజుకు ఒక పౌండు గింజలు, ఒక అణా చాలన్నాడు. పౌండంటే అర కిలో కూడా కాదు. ఎండలో గడ్డపార పట్టిన మనిషికి అది! కరువు పని అంటే దొర దయతలచి పెట్టింది తినడమే.

ఆర్థికవేత్త జీన్ ద్రెజ్ జీవితమంతా ఈ మాట చుట్టూనే తిరిగిందనిపిస్తుంది నాకు. 1959లో బెల్జియంలో పుట్టి, ఢిల్లీలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌లో పీహెచ్‌డీ చేసి, 2002లో భారత పౌరుడయ్యాడు. మన దేశంలో కరువులను ఎట్లా ఆపారన్నది 1980లలో ఆయన పరిశోధించిన విషయం. 1972-73 మహారాష్ట్ర కరువులో ఒక దశలో దాదాపు 50 లక్షల మంది కరువు పనుల్లో ఉన్నారు. ఆ రాష్ట్రమే తర్వాత పనికి హామీ ఇస్తూ చట్టం చేసింది. 2005 నాటి జాతీయ ఉపాధి హామీ చట్టం ముసాయిదాలో ద్రెజ్ చెయ్యి ఉంది. ఆ చట్టంలో కరువు వచ్చిందా లేదా అన్న షరతే లేదు. పని కావాలని అర్జీ పెట్టిన 15 రోజుల్లో పని చూపాలని, లేకపోతే భృతి ఇవ్వాలని అందులో రాశారు.

అందుకే నాకు "హామీ" అన్న మాట ముఖ్యం. మనం "ఉపాధి పథకం" అని కుదించి, ఉండాల్సిన ఆ ఒక్క మాటనే వదిలేస్తున్నాం. మీ ఊళ్ళలో ఏమంటారు?

జవాబు, కావలి నుంచి: హామీ అనే మాట మా అమ్మ నోట నేనెప్పుడూ వినలేదండీ. అప్పు దగ్గర మాత్రం "హామీ ఉండు" అంటుంది. పనిని మాత్రం మా వాళ్ళు "వంద రోజుల పని" అంటారు. "కరువు పని" అనే వాళ్ళు కూడా ఉండారు, ముసలోళ్ళు.

నా జవాబు: మీ మాట నా మాట కన్నా బాగుందండీ. ఏడాదికి 100 రోజులని 2005 చట్టంలో రాసిన లెక్కే అది, జనమే పేరుగా పెట్టుకున్నారు. నిన్న ఫోన్లో పెద్దమ్మతో "వంద రోజుల పని" అనే అన్నా. వెంటనే "అయితే నావి ఇంకా ఎన్ని రోజులుండాయి నాయనా?" అని అడిగింది.