రాబడి, ఖర్చు సమానమైతే ద్రవ్యలోటు ఎక్కడిది?

గ్రూప్స్ అభ్యర్థి:
2025-26 కేంద్ర బడ్జెట్ పట్టికలో మొత్తం రాబడి 50,65,345 కోట్లు, మొత్తం ఖర్చూ అంతే. పైసాతో సహా సరిపోయింది. మరి కింద ద్రవ్యలోటు 15,68,936 కోట్లని ఎలా వేశారండీ?

పద్దుల పుస్తకం:
తెచ్చే అప్పును కూడా రాబడిలో కలిపారు కాబట్టే సరిపోయింది. అప్పు కానివి మాత్రమే ఏరండి. రెవెన్యూ రాబడి (పన్నులు, పన్నేతర ఆదాయం) 34,20,409 కోట్లు, వసూలయ్యే పాత రుణాలు 29,000, వాటాల అమ్మకం వగైరా 47,000. మొత్తం 34,96,409. ఖర్చులోంచి ఇది తీసేస్తే మీ లోటు వస్తుంది. చాలామంది తప్పేది పన్నుల దగ్గర: మొత్తం వసూళ్లు కాదు, రాష్ట్రాల వాటా పోగా మిగిలిన 28,37,409 కోట్లే లెక్కలోకి వస్తాయి.

నికరం:
అదే పట్టికలో వడ్డీల వరుస చూడండి: 12,76,338 కోట్లు. లోటులోంచి తీసేస్తే మిగిలే ప్రాథమిక లోటు 2,92,598 కోట్లే. అంటే కొత్త అప్పులో ఐదింట నాలుగు వంతుల పైచిలుకు పాత అప్పుల వడ్డీకే సరి.

రెవెన్యూ లోటు, అంటే రెవెన్యూ ఖర్చుకు (కేంద్రానికి ఆస్తి మిగల్చని ఖర్చుకు) రెవెన్యూ రాబడి ఎంత చాలలేదో ఆ మొత్తం, 5,23,846 కోట్లు. అదంతా జీతాలకు, సబ్సిడీలకు చేసిన అప్పు అనేయకండి. గ్రామ సడక్ యోజన రోడ్డు కేంద్రం ఆస్తి కాదు గనక దానికిచ్చే గ్రాంటు రెవెన్యూ ఖర్చులో పడుతుంది. ఆస్తుల కోసం ఇచ్చే ఇలాంటి గ్రాంట్లు 4,27,192 కోట్లు. అవి పోతే మిగిలేది 96,654 కోట్లు.

గ్రూప్స్ అభ్యర్థి:
థాంక్సండీ. పేపర్లో అప్పు 14.82 లక్షల కోట్లని రాశారు. అదేమిటి?

పద్దుల పుస్తకం:
అది బాండ్లు అమ్మి తెచ్చే స్థూల రుణం. గడువు తీరిన పాత బాండ్లకు కట్టగా నికరంగా మిగిలేది 11.54 లక్షల కోట్లు. మిగతా లోటులో ఎక్కువ భాగం చిన్న పొదుపుల నిధి నుంచి వస్తుంది, అంటే పోస్టాఫీసు డిపాజిట్లు, పీపీఎఫ్, సుకన్య సమృద్ధి సొమ్ము.

నికరం:
ఆ నిధి సంగతి వచ్చింది గనక ఇంకొకటి. ఈ ద్రవ్యలోటు జీడీపీలో 4.4 శాతం అంటారు; దాన్ని పాత ఏళ్లతో పోల్చేటప్పుడు జాగ్రత్త. ఆహార సబ్సిడీకి కేంద్రం పూర్తిగా డబ్బివ్వక, ధాన్యం సేకరించే భారత ఆహార సంస్థ (ఎఫ్‌సీఐ) చేత ఆ నిధి నుంచే అప్పు చేయించేది. అది లోటులో కనపడేది కాదు. 2020-21లో ఆ అప్పును బడ్జెట్‌లోకి తెచ్చారు. ఆ ఏడు లోటు 9.2 శాతానికి ఎగబాకడానికి కోవిడ్ ప్రధాన కారణమైనా, ఇదీ ఒకటి. అంతకు ముందు ఏళ్ల అంకెలు మాత్రం ఉన్నదానికంటే తక్కువ చూపిస్తాయి.