చూపుతో వస్తువులు కదిలించే పిల్లల కథలు తెలుగులో ఉన్నాయా?

మాది అమలాపురం దగ్గర పల్లెటూరండి. మా అమ్మాయికి 11 ఏళ్లు. రోల్డ్ డాల్ 1988లో రాసిన ‘మటిల్డా’ చదివింది. అందులో పాప చూపుతోనే నీళ్ల గ్లాసు పడేస్తుంది కదా, ఇదీ అరుగు మీద స్టీలు గ్లాసు పెట్టుకుని కళ్లార్పకుండా కూర్చుంటోంది. నిన్న కాలువ గాలికి గ్లాసు దొర్లింది. ఇంకేముంది, ఇల్లంతా గంతులే!

చందమామ బేతాళ కథలు అయిపోయాయి. మాంత్రికులు వద్దట, తనలాంటి పిల్లలకే శక్తులుండాలట. దెయ్యాల నవలలు మాత్రం చెప్పకండి. మా అత్తగారు కొబ్బరితోటలో కొరివిదెయ్యం కథ చెప్పినందుకే వారం రోజులు పెరట్లోకి ఒంటరిగా వెళ్లలేదు.

ఈ వయసుకి సరిపడేవి, అనువాదాలైనా సరే, తెలిస్తే చెప్పరూ? రాజమండ్రిలో దొరికేవైతే మరీ మంచిది.