అప్‌డేట్: నాన్న గ్రాట్యుటీ, స్టేట్ లేబర్ ఆఫీసా సెంట్రల్‌దా? (తేలిపోయింది)

మా నాన్న 2022లో ఒక కేంద్ర ప్రభుత్వ కంపెనీలో రిటైరైతే గ్రాట్యుటీ ఆపేశారు, ఎక్కడ కంప్లైంట్ ఇవ్వాలి అని అడిగా కదా, డబ్బులొచ్చేశాయండి, 10 శాతం వడ్డీతో. ‘అసిస్టెంట్ లేబర్ కమిషనర్, సెంట్రల్ (అంటే కేంద్ర కార్మిక శాఖ అధికారి) దగ్గరికెళ్లు’ అన్నవాళ్లకి థాంక్స్, అదే పనిచేసింది.

మేం ముందు స్టేట్ లేబర్ ఆఫీస్‌లో ఇచ్చి నాలుగు నెలలు తిరిగాం, చివరికి అక్కడి క్లర్క్ మా కాగితం మీద పెన్సిల్‌తో ‘సెంట్రల్’ అని రాసి వెనక్కిచ్చాడు, ఆ ముక్కేదో మొదటి రోజే రాసుంటే పోయేది. కంపెనీ ఏ ఊళ్లో ఉందనేది కాదంట, కేంద్రం కంట్రోల్లో ఉందా లేదా అన్నదే పాయింట్. రాష్ట్ర ప్రభుత్వ కంపెనీ అయ్యి వేరే రాష్ట్రాల్లో బ్రాంచీలు లేకపోతే మాత్రం స్టేట్ ఆఫీసే.

సెంట్రల్ ఆఫీస్‌లో ఫారం ఎన్ (గ్రాట్యుటీ ఇప్పించమనే దరఖాస్తు) పెట్టాం, దానికున్న 90 రోజుల గడువు దాటింది కాబట్టి ఆలస్యానికి కారణం రాసి ఆ స్టేట్ ఆఫీస్ రసీదు జతచేస్తే ఒప్పుకున్నారు. ‘మీ నాన్నది ఆఫీసర్ గ్రేడ్ కదా, లేబర్ వాళ్లు పట్టించుకోరు’ అన్నారే కొందరు, అది గ్రాట్యుటీకి వర్తించదు, మేనేజర్లకీ వస్తుంది. లాయర్ కూడా అక్కర్లేకపోయింది.